కారు డయాగ్నస్టిక్ సాఫ్ట్‌వేర్: ఐఎన్‌ఐ ఫైలులో పోర్టు మార్చినా పాత సంఖ్యే చూపుతోంది

పాలకొల్లు షెడ్డు (ప్రశ్న)

అందరికీ నమస్కారమండి. పాలకొల్లు దగ్గర కార్ల మరమ్మతు షెడ్డు నడుపుతున్నాను. చుట్టుపక్కల చెరువుల రైతుల డీజిల్ కార్లే మా దగ్గరకు ఎక్కువగా వస్తాయి. వాటిలో చాలా మటుకు బీఎస్-3 (పాత కాలుష్య ప్రమాణం) కాలం నాటివి కావడం వల్ల, కె-లైన్ (కారు కంప్యూటరుతో మాట్లాడే పాత రకం ఒంటి తీగ) మీద మాట్లాడే యూఎస్‌బీ కేబులూ దానితో నడిచే పాత 32 బిట్ సాఫ్ట్‌వేరూ లేకుండా మాకు రోజు గడవదు.

పాత ల్యాప్‌టాప్‌లో విండోస్ 7 ఉండేది. దాని స్క్రీను పోవడంతో విండోస్ 11 ఉన్న కొత్తది కొని, అదే సాఫ్ట్‌వేరును ఇన్‌స్టాల్ చేశాము. సెట్టింగ్స్‌లో కామ్ 3 (కేబులుకు విండోస్ ఇచ్చిన పోర్టు సంఖ్య) అని పెట్టగానే మొదట్లో చక్కగానే పనిచేసింది. తరువాత ఒకసారి కేబులును మరో యూఎస్‌బీ సాకెట్‌లో గుచ్చినప్పుడు డివైస్ మేనేజర్‌లో అది కామ్ 11గా కనిపించడం మొదలైంది. సాఫ్ట్‌వేరు తెరవగానే కామ్ 3 కోసం వెదికి, దొరకలేదని చెప్పి తనంతట తాను మూసుకుపోతోంది. సెట్టింగ్స్ దాకా వెళ్లే వీలే లేదు. అందుచేత నోట్‌ప్యాడ్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ప్రోగ్రామ్ ఫైల్స్ ఫోల్డరులో ఉన్న ఐఎన్‌ఐ ఫైలులో (సాఫ్ట్‌వేరు అమరికలు రాసి ఉండే మామూలు టెక్స్ట్ ఫైలు) 3 తీసి 11 వేసి సేవ్ చేశాను. ఫైలును మళ్లీ తెరిచి చూస్తే 11 అనే ఉంది, సాఫ్ట్‌వేరు మాత్రం ఇంకా కామ్ 3 అనే అంటోంది. మొత్తం తీసివేసి తిరిగి ఇన్‌స్టాల్ చేసినా అదే వరుస.

ఇలా కాదని ఆ ఫోల్డరును డి డ్రైవులోకి కాపీ చేసి అక్కడి నుంచి నడపబోయాము. అక్కడి ఐఎన్‌ఐ ఫైలులో పోర్టు వరుస పక్కనే, ముందు ముందు ఎవరు చూసినా అర్థమయ్యేలా, సెమీకోలన్ పెట్టి ‘ఇది మన కేబులు పోర్టు’ అని మా మేనల్లుడు తెలుగులో రాశాడు. తెలుగు అక్షరాలు చెడిపోకుండా ఉండేందుకు సేవ్ యాజ్‌లో ‘యూటీఎఫ్-8 విత్ బామ్’ అనే ఎన్‌కోడింగ్ ఎంచుకున్నాడు. ఇప్పుడు డి డ్రైవు నుంచి తెరిస్తే ‘కాన్ఫిగరేషన్ ఫైల్ ఎర్రర్, సెక్షన్ నాట్ ఫౌండ్’ అని వస్తోంది. ఫైలు తెరిచి చూస్తే ఆ సెక్షన్ (స్క్వేర్ బ్రాకెట్లలో రాసే విభాగం) పేరు మొదటి వరుసలోనే కళ్లెదుట కనిపిస్తోంది. రెండు చోట్ల రెండు రకాల తగాదాలు ఎందుకు వస్తున్నాయో తెలిసినవారు చెప్పగలరు.

భీమవరం సర్వీసు మనిషి

నమస్కారమండి. మీ రెండు సమస్యలకూ ఒకదానితో ఒకటి సంబంధం లేదు. అందుకే ముందు ప్రోగ్రామ్ ఫైల్స్ సంగతి, ఆ తరువాత డి డ్రైవు సంగతి చూద్దాం.

మీరు మార్చిన ఫైలు వేరు, సాఫ్ట్‌వేరు చదువుతున్న ఫైలు వేరు. విండోస్ విస్టా నుంచి ఒక ఏర్పాటు ఉంది. అడ్మినిస్ట్రేటర్ హక్కు లేకుండా నడుస్తున్న పాత 32 బిట్ ప్రోగ్రాము ప్రోగ్రామ్ ఫైల్స్‌లోని ఫైలులో ఏదైనా రాయబోతే, విండోస్ దానిని అడ్డుకోకుండా, ఆ ఫైలుకు ఒక నకలు తీసి మీ యూజర్ ఫోల్డరు కింద యాప్‌డేటా, అందులో లోకల్, అందులో వర్చువల్‌స్టోర్ అనే చోట దాచి, రాసినదంతా ఆ నకలులోకి పంపుతుంది. అప్పటి నుంచి ఆ ప్రోగ్రాము ఎప్పుడు అడిగినా నకలునే చూపిస్తుంది. అసలు ఫైలు ఒకటి పక్కన ఉన్నట్టు ప్రోగ్రాముకు తెలియనే తెలియదు. మొదటి రోజున మీరు సెట్టింగ్స్‌లో కామ్ 3 అని పెట్టినప్పుడు ఆ నకలు పుట్టింది. నోట్‌ప్యాడ్‌కు ఈ దారి మళ్లింపు వర్తించదు. పైగా మీరు దానిని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచారు కాబట్టి మీ 11 నేరుగా అసలు ఫైలులోకి వెళ్లింది. అన్‌ఇన్‌స్టాల్ చేసేటప్పుడు వర్చువల్‌స్టోర్ జోలికి సాధారణంగా ఎవరూ వెళ్లరు. తిరిగి ఇన్‌స్టాల్ చేసినా పాత 3 బతికి ఉండడానికి కారణం అదే.

నా మాట నమ్మి ఊరుకోకుండా మీరే సరిచూసుకోవచ్చు. సాఫ్ట్‌వేరు నడుస్తున్నప్పుడు టాస్క్ మేనేజర్‌లో డీటెయిల్స్ పుటకు వెళ్లి, పై వరుస మీద రైట్ క్లిక్ చేసి ‘యూఏసీ వర్చువలైజేషన్’ అనే నిలువు వరుసను చేర్చండి. మీ ప్రోగ్రాము ఎదురుగా ‘ఎనేబుల్డ్’ అని ఉంటే దారి మళ్లింపు జరుగుతున్నట్టే. మీది తెరవగానే మూసుకుపోతోంది కనుక అంత వ్యవధి దొరకకపోతే, మైక్రోసాఫ్ట్ వారి సిస్‌ఇంటర్నల్స్‌లో ప్రాసెస్ మానిటర్ అనే ఉచిత పనిముట్టు ఉంది. దానిలో మీ ప్రోగ్రాము పేరుతో ఫిల్టరు పెట్టి, ఐఎన్‌ఐతో ముగిసే దారులను మాత్రమే చూపమంటే, ఏ ఫోల్డరులోని ఏ ఫైలును ఏ క్షణాన తెరిచిందో వరుసగా కనిపిస్తుంది. కాన్ఫిగరేషన్ ఫైలు తగాదా ఏది వచ్చినా నేను ముందు చూసేది ఇదే. లోపల ఏముందో తరువాత చూడవచ్చు. అసలు ఏ ఫైలును చదువుతోందో తెలియకుండా లోపల ఏమి దిద్దినా ప్రయోజనం ఉండదు.

కనుక్కున్నాక వర్చువల్‌స్టోర్‌లోని ఆ నకలును మరోచోటికి తరలించి పెట్టుకోండి, చెరిపివేయవద్దు. యాప్‌డేటా మామూలుగా కనిపించని ఫోల్డరు కాబట్టి ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో హిడెన్ ఐటమ్స్ చూపమని ముందే చెప్పాలి. అక్కడే ‘ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్’ అనే దానికి కూడా టిక్కు పెట్టండి. ఐఎన్‌ఐ అనుకుని దాచినది ఐఎన్‌ఐ డాట్ టీఎక్స్‌టీగా మారి కూర్చోవడం మా దుకాణంలో తరచూ చూసే వ్యవహారం.

ఇక డి డ్రైవు. మీరు డి డ్రైవులో పెట్టిన ఫోల్డరుకు ఈ మళ్లింపు ఉండదు కనుక అక్కడ సాఫ్ట్‌వేరు మీ ఫైలునే చదువుతోంది, కానీ చదవలేకపోతోంది. ‘విత్ బామ్’ అని సేవ్ చేసినప్పుడు ఫైలు మొట్టమొదట ఈఎఫ్, బీబీ, బీఎఫ్ అనే మూడు బైట్లు చేరతాయి. నోట్‌ప్యాడ్ వాటిని చూపించదు. ఐఎన్‌ఐ ఫైళ్లను చదవడానికి విండోస్ స్వయంగా ఇచ్చే పాత పద్ధతికి ఆ మూడు బైట్ల అర్థం తెలియదు. మొదటి వరుస స్క్వేర్ బ్రాకెట్‌తో కాకుండా మరేదో చెత్తతో మొదలైనట్టు దానికి కనబడి, ఆ వరుసను సెక్షన్‌గా గుర్తించదు. అందుకే మొదటి సెక్షన్ మాత్రమే మాయమైంది. కింద ఉన్న సెక్షన్లన్నీ దొరుకుతూనే ఉంటాయి.

రెండో చిక్కు ఆ తెలుగు వ్యాఖ్య. ఇదే పద్ధతిలో సెమీకోలన్ వరుస మొదట ఉంటేనే అది వ్యాఖ్య అవుతుంది. విలువ పక్కన పెడితే వ్యాఖ్య కూడా విలువలో భాగమైపోతుంది. అంటే మీ పోర్టు పేరు ‘11’ కాదు, ‘11 ; ఇది మన కేబులు పోర్టు’. మీ మేనల్లుడి ఉద్దేశం మంచిదే. ఆ మాటలను విడిగా ఒక వరుసలో, మొదట సెమీకోలన్ పెట్టి, ఇంగ్లీషు అక్షరాలలో రాసి, ఎన్‌కోడింగ్‌లో ఏఎన్‌ఎస్‌ఐ (విండోస్ పాత పద్ధతి) ఎంచుకుని సేవ్ చేయండి. ఏ ఎన్‌కోడింగ్‌లో ఉన్నదీ నోట్‌ప్యాడ్ అడుగున కుడివైపు ఎప్పుడూ కనిపిస్తూనే ఉంటుంది.

అమలాపురం ఆటో ఎలక్ట్రీషియన్

భీమవరం వారు చెప్పినదానికి నా వైపు నుంచి కొంత చేర్పు. అసలు ఫైలు జోలికి వెళ్లకుండానే మీ పని జరిగేది. డివైస్ మేనేజర్‌లో ఆ పోర్టు ప్రాపర్టీస్ తెరిచి, పోర్ట్ సెట్టింగ్స్, అందులో అడ్వాన్స్‌డ్ దగ్గర పోర్టు సంఖ్యను తిరిగి 3కు మార్చవచ్చు. ‘వాడుకలో ఉంది’ అని అడిగినా, నిజంగా మరే పరికరమూ తగిలించి లేనట్లయితే, సరే అనవచ్చు. 11 అనే సంఖ్యను సాఫ్ట్‌వేరుకు అంటగట్టడం మంచిది కాదనడానికి మరో కారణం ఉంది. విండోస్‌లో కామ్ 9 దాకా పేరు నేరుగా రాస్తే సరిపోతుంది. 10 నుంచి పైవాటికి పేరు ముందు రెండు బ్యాక్‌స్లాష్‌లు, ఒక చుక్క, మరో బ్యాక్‌స్లాష్ చేర్చి అడగాలి. పాత సాఫ్ట్‌వేర్లు రాసినవారిలో చాలామంది ఆ సంగతి పట్టించుకోలేదు. అందువల్ల ఫైలు అంతా సరిగ్గా ఉన్నప్పటికీ కామ్ 11 తెరుచుకోకపోవచ్చు. కేబులు తగిలించే సాకెట్ మీద చిన్న స్టిక్కరు అంటించి ఎప్పుడూ అందులోనే గుచ్చితే, కొత్త సంఖ్యలు పుట్టవు.

ఇంకొకటి కూడా గమనించండి. కొన్ని సాఫ్ట్‌వేర్లు మొదట కేబులును పలకరించి, జవాబు రాకపోతే దానిని కూడా కాన్ఫిగరేషన్ ఎర్రర్ కిందనే చూపిస్తాయి. ఈ కేబుళ్లలో కె-లైన్ వైపు పనిచేయడానికి కారు బ్యాటరీ నుంచే కరెంటు రావాలి. చెరువు గట్ల మీద తిరిగే కార్లలో, మా రాజోలు, అంతర్వేది వైపు ఉప్పుగాలి తగిలే కార్లలో, స్టీరింగు కింద ఉండే పదహారు పిన్నుల సాకెట్‌ను టార్చి వేసి చూడండి. లోపలి రేకుల మీద ఆకుపచ్చగా చిలుము పట్టి ఉంటుంది. ముఖ్యంగా ఎప్పుడూ కరెంటు ఉండే 16వ పిన్ను దగ్గర అది ముందుగా తేలుతుంది. మల్టీమీటరు ఎర్ర తీగ 16 మీద, నల్ల తీగ ఒకసారి 4 మీద, ఒకసారి 5 మీద పెట్టి చూస్తే రెండింటికీ బ్యాటరీ వోల్టేజి రావాలి. ఒకదానికి వచ్చి మరోదానికి రాకపోతే ఎర్తు తెగినట్టు. కాంటాక్ట్ క్లీనరు కొట్టి, మెత్తని బ్రష్షుతో తుడిస్తే చాలా వరకు పని తీరుతుంది. గీకవద్దు, రేకు మీది పూత పోతే చిలుము మరింత తొందరగా వస్తుంది.

ప్రోగ్రామ్ ఫైల్స్ గొడవకు మా షెడ్డులో సాఫ్ట్‌వేరును ఎప్పుడూ ‘రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్’ అనే నడుపుతాము. మీరూ అలాగే చేస్తే సరిపోతుందని నా అభిప్రాయం.

పాలకొల్లు షెడ్డు

ఇద్దరికీ ధన్యవాదాలండి. వర్చువల్‌స్టోర్‌లో నకలు ఉన్న మాట నిజమే. దానిని తరలించి, పోర్టును 3కు తెచ్చాక సాఫ్ట్‌వేరు తెరుచుకుంది. డి డ్రైవులోని ఫైలు కూడా ఏఎన్‌ఎస్‌ఐగా సేవ్ చేశాక సెక్షన్ దొరకలేదనడం మానింది.

మిగిలినవి మూడున్నాయి. రిపోర్టు సేవ్ చేయబోతే దారి మధ్యలో వరుసగా ప్రశ్నార్థకాలు చూపి, ఫోల్డరు లేదంటోంది. ల్యాప్‌టాప్‌లో యూజర్ పేరు తెలుగులో పెట్టుకున్నాము, దాని వల్లనేమో తెలియదు. రెండోది, తణుకులో తెలిసినవారు తమ ఐఎన్‌ఐ ఫైలు పంపారు. అందులో కొత్త రకం కార్లకు ఒక సెక్షన్ ఉంది. దానిలో రిక్వెస్ట్ అన్నచోట 2016, రెస్పాన్స్ అన్నచోట 2024 అని ఉన్నాయి. ఇవి కారు మోడల్ సంవత్సరాలా? మా దగ్గర ఉన్నది 2021 కారు. అక్కడ 2021 అని మార్చాలా? ఇంటర్నెట్‌లో ఒకచోట మాత్రం 7ఈ0 అని రాయమన్నారు. మూడోది, పాత డీజిల్ కార్లలో కనెక్షన్ ఒక్కోసారి అసలు కలవదు, కలిసినా కాసేపటికి తెగిపోతుంది.

తణుకు ప్రోగ్రామర్

సంవత్సరాలు కావండి, దయచేసి 2021 అని మార్చకండి. క్యాన్ (కె-లైన్ తరువాత వచ్చిన, రెండు తీగల పద్ధతి) మీద మాట్లాడే కార్లలో ఇంజిన్ కంప్యూటరును అడిగే చిరునామా పదహారు ఆధారపు సంఖ్యల పద్ధతిలో 7ఈ0, అది తిరిగి జవాబిచ్చే చిరునామా 7ఈ8. అందరినీ కలిపి ఒకేసారి అడగడానికి 7డీఎఫ్ అని మరొకటి ఉంది. ఇదే 7ఈ0ను మనం మామూలుగా లెక్కపెట్టే పద్ధతిలో రాస్తే 2016 అవుతుంది, 7ఈ8 అయితే 2024. మీకు ఫైలు పంపినవారి సాఫ్ట్‌వేరు ఆ అంకెలను మామూలు సంఖ్యలుగా చదువుతుంది కాబట్టి అలా రాసి ఉంది. ఇంటర్నెట్‌లో చెప్పిన 7ఈ0 కూడా తప్పు కాదు, కానీ మీ ఫైలులో అలా రాస్తే తప్పవుతుంది. ఐఎన్‌ఐ నుంచి సంఖ్యను చదివే విండోస్ పద్ధతి మొదట ఉన్న అంకెలను మాత్రమే తీసుకుని, అక్షరం తగలగానే ఆగిపోతుంది. అంటే 7ఈ0 దానికి వట్టి 7గా అందుతుంది. ఏ ఎర్రరూ చూపదు. ఎవరూ లేని చిరునామాను అడుగుతూ, కారు జవాబివ్వడం లేదని చెబుతూ ఉంటుంది. ఇటువంటి తప్పు పట్టుకోవడం చాలా కష్టం.

ఇతరుల ఫైలు మొత్తాన్ని మీ ఫైలు మీద కాపీ చేయడం నేను ఒప్పుకోను. అందులో వాహనాల వివరాలతో పాటు వారి పోర్టు సంఖ్య, వారి కేబులు వివరం, వారి ఫోల్డరు దారులు కూడా ఉంటాయి. ఒక తగాదా తీరబోయి నాలుగు వస్తాయి. ముందు రెండు సాఫ్ట్‌వేర్లూ ఒకే వెర్షనో కాదో చూడండి. ఆ తరువాత విన్‌మెర్జ్ వంటి ఉచిత పనిముట్టులో రెండు ఫైళ్లనూ పక్కపక్కన తెరిస్తే తేడా ఉన్న వరుసలు రంగులో కనిపిస్తాయి. మీకు కావలసిన ఆ ఒక్క సెక్షన్‌ను మాత్రమే తెచ్చుకోండి. క్యాన్ వేగం అక్కడ రాసి ఉంటే, ఇంజిన్ డయాగ్నస్టిక్స్‌కు సాధారణంగా సెకనుకు 500 కిలోబిట్లు ఉండాలి. మీ కేబులులో క్యాన్ సౌకర్యం ఉన్నదో లేదో కూడా చూసుకోండి. వట్టి కె-లైన్ కేబులైతే 7వ పిన్ను మీదనే మాట్లాడుతుంది, క్యాన్‌కు కావలసిన 6, 14 పిన్నులు దానికి కలిపి ఉండవు, అప్పుడు ఫైలులో ఏమి రాసినా ఆ 2021 కారు పలకదు.

ప్రశ్నార్థకాలకు కారణం మీరు అనుకున్నదే. మీ సాఫ్ట్‌వేరు యూనికోడ్‌కు ముందు కాలపు పద్ధతిలో రాసినది. ఆ పద్ధతిలో ఒక్కొక్క భాషకు ఒక కోడ్ పేజీ (అక్షరాలకు సంఖ్యలు కేటాయించే పట్టిక) ఉండాలి. విండోస్‌లో తెలుగుకు అటువంటిది లేదు, తెలుగు పూర్తిగా యూనికోడ్ మీదనే నడుస్తుంది. అందువల్ల మీ యూజర్ ఫోల్డరు పేరులోని ప్రతి తెలుగు అక్షరమూ దానికి ప్రశ్నార్థకంగా అందుతోంది. కంట్రోల్ ప్యానెల్‌లో అకౌంటు పేరు మార్చినా ప్రయోజనం ఉండదు, పైకి కనిపించే పేరే మారుతుంది తప్ప ఫోల్డరు పేరు అలాగే ఉంటుంది. ఐఎన్‌ఐలో రిపోర్టుల దారి రాసుకునే వరుస ఉంటే దానిని డి డ్రైవులోని ఇంగ్లీషు పేరున్న ఫోల్డరుకు మార్చండి. అటువంటి వరుస లేకపోతే షెడ్డు పనికి ఇంగ్లీషు అక్షరాలతో మరో లోకల్ అకౌంటు తెరవడమే మార్గం. రీజియన్ సెట్టింగ్స్‌లో యూటీఎఫ్-8ను అన్నింటికీ వాడే ‘బీటా’ అనే టిక్కు ఒకటి కనిపిస్తుంది. దానిని పెట్టమని ఎవరైనా సలహా ఇస్తే వినకండి, పాత ప్రోగ్రాములు మరికొన్ని చెడతాయి.

అమలాపురం వారు అన్యథా భావించకూడదు గాని, ఎప్పుడూ అడ్మినిస్ట్రేటర్‌గా నడపడం నాకు నచ్చదు. అలా నడిపినప్పుడు అసలు ఫైలు, ఎవరైనా మరచిపోయి మామూలుగా తెరిచిన రోజున నకలు, ఇలా రెండు ఫైళ్లు తయారై ఏ రోజు ఏది చదివిందో తెలియకుండా పోతుంది. షెడ్డులో ల్యాప్‌టాప్ మీద పనిచేసేది ఒక్కరే ఉండరు. డి డ్రైవులో ఒకే ఫోల్డరు, అందులో ఒకే ఐఎన్‌ఐ, దాని పక్కన తేదీ పేరుతో ఒక కాపీ ఉంచుకుని, ప్రోగ్రామ్ ఫైల్స్‌లోని దానిని తీసివేయడం మేలు. ఆ కాపీ ఎందుకంటే, బ్యాటరీ దెబ్బతిన్న ల్యాప్‌టాప్‌ను ఛార్జరు మీదనే నడుపుతున్నప్పుడు కరెంటు పోతే, అప్పుడే రాస్తున్న ఫైలు సైజు సరిగ్గానే ఉండి లోపలంతా సున్నా బైట్లతో నిండిపోవచ్చు. దానిని దిద్దడం సాధ్యం కాదు, పాత కాపీ పెట్టుకోవడమే.

అమలాపురం ఆటో ఎలక్ట్రీషియన్

తణుకు వారి మాట సబబుగానే ఉంది. మా దగ్గర సాఫ్ట్‌వేరు ముట్టుకునేది నేనొక్కడినే కనుక ఇబ్బంది రాలేదు. మీ దగ్గర కుర్రాళ్లు కూడా వాడతారంటే డి డ్రైవే మంచిది.

మీ మూడో ప్రశ్నకు నాది జవాబు. పాత కె-లైన్ కార్లలో సంభాషణ సెకనుకు 10,400 బిట్ల వేగంతో నడుస్తుంది, కానీ చాలా కార్లలో మొదటి పలకరింపు సెకనుకు 5 బిట్ల వేగంతో, నింపాదిగా జరుగుతుంది. దానికి జవాబుగా కారు పంపే కీ బైట్లలో (తాను ఏ పద్ధతిలో మాట్లాడుతుందో చెప్పే బైట్లు) రెండోదానిలోని బిట్లను తిరగవేసి (0ను 1గా, 1ని 0గా మార్చి), సాఫ్ట్‌వేరు 25 నుంచి 50 మిల్లీసెకన్ల లోపు తిరిగి పంపాలి. ఎఫ్‌టీడీఐ కంపెనీ చిప్పున్న కేబుళ్లలో వచ్చిన బైట్లను ల్యాప్‌టాప్‌కు అందించే ముందు ఆగే సమయం, అంటే లేటెన్సీ టైమర్, మామూలుగా 16 మిల్లీసెకన్లుగా పెట్టి ఉంటుంది. ఆ ఆలస్యం మీద విండోస్ సొంత ఆలస్యం కూడా చేరితే గడువు దాటిపోతుంది, పలకరింపు కలవదు. పోర్టు సంఖ్య మార్చిన ఆ అడ్వాన్స్‌డ్ కిటికీలోనే లేటెన్సీ టైమర్ ఉంటుంది. దానిని 1కి గాని 2కు గాని తగ్గించండి. కేబులులో వేరే చిప్పు ఉంటే ఈ వరుస కనిపించదు. పోర్టు సంఖ్య మారితే ఈ అమరిక మళ్లీ 16కు వెళ్లిపోయిందేమో కూడా చూసుకోండి, కొత్త ల్యాప్‌టాప్‌లో మీకు జరిగింది అదే కావచ్చు.

కలిసిన తరువాత తెగడానికి కారణం వేరు. కేడబ్ల్యూపీ అనే, కె-లైన్ మీద నడిచే సంభాషణ పద్ధతిలో 5 సెకన్ల పాటు ఏమీ అడగకపోతే కారు తనంతట తాను సంభాషణ ముగిస్తుంది. అందుకే మనం తెర మీద కోడు చదువుకుంటూ కూర్చున్నా సాఫ్ట్‌వేరు ‘నేనున్నాను’ అని మధ్య మధ్య ఒక సందేశం పంపుతూ ఉండాలి. ఐఎన్‌ఐలో ‘టెస్టర్ ప్రెజెంట్’ అనో, ‘కీప్ అలైవ్’ అనో ఒక వరుస ఉండవచ్చు. ఆ విలువ సెకన్లలో రాయాలో మిల్లీసెకన్లలో రాయాలో పక్క వరుసలను చూసి నిర్ధారించుకుని, రెండు సెకన్ల దగ్గర పెట్టండి. మిగతా సమయాలు వందల్లో, వేలల్లో ఉంటే అక్కడ రాయవలసినది 2000, 2 కాదు. ఇంజిను నడుస్తున్నప్పుడే తెగి, కీ మాత్రం ఆన్‌లో ఉంచి ఇంజిను ఆపినప్పుడు నిలబడితే, అది ఫైలు తప్పు కాదు. ఆల్టర్నేటరు నుంచి వచ్చే విద్యుత్ అలజడో, 4, 5 పిన్నుల ఎర్తు బలహీనతో అయి ఉంటుంది. అప్పుడు ల్యాప్‌టాప్ పక్కన పెట్టి మల్టీమీటరు తీయండి.